ఖాళీ కుండల ఊరేగింపు

చేవెళ్ల,
1946 జనవరి 6

తమ్ముడు రామలింగానికి సుమిత్రక్క దీవెనలు.

ఉత్తరం మొదట్లో అందరం క్షేమమని రాయాలని బాపు మనిద్దరికీ పలక మీద దిద్దించి నేర్పాడు. ఈసారి రాయను. మీ బావ, నేను, అంగడి బాగానే ఉన్నాం. ఊరు బాగా లేదు.

ఊరి చాకిరీ చేసే బేగరి ఎంకమ్మ చనిపోయింది. నీకు గుర్తుండే ఉంటుంది. సీతాఫలాల కాలంలో పండ్లు తెచ్చి, లోపలికి రాకూడదు కనుక మన అరుగు చివర పెట్టి, "చిన్న సావుకారికియ్యుండ్రి" అని నీకోసం చెప్పి పోయేది. జాగీర్దారు పట్నం దోస్తులను వెంటేసుకుని వేటకని మొయినాబాద్ వచ్చాడు. వాళ్ల డేరాలకు, గుర్రాలకు నీళ్లు మోయడానికి జాగీరు ఊళ్లన్నిటికీ వంతులు వేశారు. కూలి లేదు, కూడు లేదు. వెట్టి అంటేనే అంత. ఎంకమ్మకు ఒళ్లు కాలిపోతున్నది. ఆమె వంతు కూడా తానే మోస్తానని కొడుకు యాదయ్య కచేరీ జవాను కాళ్లు పట్టుకున్నాడు. ఆడమనిషి వంతు ఆడమనిషే మోయాలన్నాడట జవాను. ముసలామె బావి మెట్ల మీద పడింది, మళ్లీ లేవలేదు. కుండ మాత్రం గడ్డిలోకి దొర్లి పగలకుండా మిగిలింది. యాదయ్య ఆ కుండను ఇంటికి తెచ్చి పెట్టుకున్నాడు.

ఇదంతా ఒక ఎత్తు. మూడోనాడు పిట్టకు పెట్టక ముందే జవాను మళ్లీ వచ్చాడు. ముసలిదాని వంతు ఖాళీ పడింది, కోడలు అంతమ్మను పంపమన్నాడు. నేను అంగట్లో కూర్చుని ఆ మాట విన్నాను. నా చేతిలో తూకం రాయి ఉన్నది. ఎందుకు విసరలేదా అని అప్పటి నుంచీ నన్ను నేను తిట్టుకుంటున్నాను.

మన అంగడి నుంచి కూడా రసదు పేరు చెప్పి బియ్యం, నెయ్యి, చక్కెర ఊరికే ఎత్తుకుపోయారు. మీ బావ సంగతి తెలుసు కదా. నీళ్లలో ఉండి మొసలితో పగ పెట్టుకుంటామా అంటాడు. మంచివాడే. ఆయన మంచితనం చూస్తే ఈ మధ్య నాకు ఒళ్లు మండుతున్నది.

అసలు సంగతి ఇది. వెట్టి వద్దని సర్కారు ఎప్పుడో ఫర్మానా ఇచ్చిందట. గ్రంథాలయంలో పత్రిక చదివి తెలుసుకున్నాను. మొయినాబాద్ వకీలు భద్రయ్యగారు ఆ మాటే చెప్పి ఎన్ని అర్జీలు పెట్టినా జాగీరు కచేరీ చెత్తబుట్టకే పోతున్నాయి. అందుకని ఊళ్లన్నీ కలిసి చేవెళ్ల నుంచి మొయినాబాద్ కచేరీ దాకా నడవాలని తీర్మానించాయి. ముందు యాదయ్య నడుస్తాడు. నేనూ నడుస్తాను. నువ్వు బొంబాయిలో వార్తల బొమ్మలు తీసే కంపెనీలో ఉన్నావు. ఎక్కడెక్కడి జనమో నడిస్తే తీసి లోకానికి చూపిస్తావు. పుట్టిన ఊరు నడిస్తే తీయలేవా?

నీ అక్క,
సుమిత్రమ్మ


బొంబాయి,
1946 జనవరి 19

అక్కకు నమస్కారాలు.

నీ ఉత్తరం రెండుసార్లు చదివాను. ఎంకమ్మ మాట దగ్గర రెండుసార్లూ ఆగిపోయాను. బాపుకు కనపడకుండా ఆ సీతాఫలాలు ధాన్యం కుండలో మాగబెట్టుకునేవాళ్లం, జ్ఞాపకముందా?

నేను వస్తున్నాను. మా సేఠ్‌ను ఒప్పించాను. సంస్థానం లోపలి ఊరేగింపు బొమ్మ ఇంతవరకూ ఏ కంపెనీ దగ్గరా లేదు, తీసుకురా, మనమే ముందు చూపిద్దాం అన్నాడు. యుద్ధం పోయినా ఫిల్ముకు ఇంకా కరువే, కనుక పొదుపుగా తీయాలి. పోలీసు అమీను అడిగితే మేనమామ కొడుకు పెళ్లి ఫోటోలకు వచ్చానని చెబుతాను. మీరూ ఆ మాటే చెప్పండి.

ఒక సంగతి మాత్రం మన వాళ్లకు బాగా నచ్చజెప్పు. నా కెమెరాకు కళ్లే ఉన్నాయి, చెవులు లేవు. మీరు ఎంత గట్టిగా అరిచినా బొమ్మలో వినపడదు. మాటను పట్టే యంత్రం చాలా పెద్దది, స్టూడియో దాటి రాదు. బొమ్మ కడిగాక ఇక్కడ ఒకాయన కాగితం చూసి వ్యాఖ్యానం చదువుతాడు, వెనక బాజా కలుపుతారు. కనుక నినాదాలు నమ్ముకోకండి. కంటికి కనిపించే పని ఏదైనా చేయండి. చూడగానే వెట్టి అని తెలియాలి. తెల్లగుడ్డ మీద పెద్ద అక్షరాలతో రాసి పట్టుకోండి.

బావకు కోపం తెప్పించకు. నేను వచ్చి మాట్లాడతాను.

నీ తమ్ముడు,
రామలింగం


చేవెళ్ల,
1946 ఫిబ్రవరి 20

తమ్ముడికి,

పొద్దు వాలకముందే బండెక్కి శంకర్‌పల్లి స్టేషనుకు ఉరికావు. రీళ్లు పోలీసుల చేతుల్లో పడతాయని నీ భయం, కాదనను. నీకని కట్టిన సద్ది మూట అరుగు మీదే ఉండిపోయింది. జొన్నరొట్టెలు, ఎల్లిపాయ కారం. దాన్ని చూసినప్పుడల్లా తిట్టుకున్నాను, చివరికి మీ బావ తిన్నాడు.

నువ్వు పోయాక ఏం జరిగిందో విను. అంతకుముందుదంతా నువ్వు నీ కళ్లతోనే చూశావు. కంటికి కనిపించే పని కావాలన్నావని అంతమ్మ ఒక ఉపాయం చెప్పింది. ఏ కుండలతో వాళ్లకు నీళ్లు మోశామో ఆ కుండలనే ఖాళీగా తీసుకుపోయి వాళ్ల గేటు ముందు దించుదాం, ఇక మీ కుండ మీరే మోసుకోండని చెబుదాం అన్నది. అట్లాగే చేశాం. యాదయ్య వాళ్ల అమ్మ కుండను దించాడు. అంతమ్మ తన కుండను తలకిందులు చేసి దులిపి మరీ పెట్టింది. ఎవరూ గేటును ముట్టలేదు. దించి, కాసేపు కూర్చుని, లేచి వచ్చేశాం. అవునా కాదా?

మరునాడు అమీను దిగాడు. మేం కచేరీ మీద రాళ్లు వేశామట, గేటు విరగ్గొట్టామట! పోయి చూస్తే నిజంగానే గేటు విరిగి ఉన్నది. రాత్రికి రాత్రి వాళ్లే విరగ్గొట్టుకున్నారు. యాదయ్యను, ఇంకో ముగ్గురిని కట్టి తీసుకుపోయారు. కేసు నిలిస్తే ఏళ్ల తరబడి జైలేనని భద్రయ్యగారు అంటున్నారు. మన జనం ఎంత మంది చెప్పినా అదాలతు నమ్మదు, రామలింగం తీసిన బొమ్మ తెప్పించండి, అది చూస్తే గేటు పక్కకు కూడా ఎవరూ పోలేదని తెలిసిపోతుంది అన్నారు.

అంతమ్మ నా ముందు కూర్చుని ఉన్నది. నీ తమ్ముడు బొమ్మ పంపిస్తాడు, నీ మొగుడు ఇంటికి వస్తాడు అని ఆమెకు మాట ఇచ్చాను. వెంటనే పంపు.

సుమిత్రక్క


బొంబాయి,
1946 మార్చి 5

అక్కకు నమస్కారాలు.

బొమ్మ కడిగారు. ఏమని చెప్పను! నాలుగేళ్లలో ఇంత మంచి బొమ్మ నా చేత్తో తీయలేదు. మొయినాబాద్ దారిలో దుమ్ము లేచి, దాని వెనక నుంచి ఎండ వచ్చి, ఆ దుమ్ములోంచి కుండలు ఒకటొకటిగా బయటికి వస్తుంటే చీకటి గదిలో అందరూ కుర్చీల్లో ముందుకు వంగారు. యాదయ్య ముఖం తెర నిండా వచ్చింది. ఆ కళ్లు చూసినవాళ్లకు నిద్ర పట్టదు. నువ్వు కూడా ఉన్నావు. కొంగు నడుముకు చుట్టి, నోరంతా తెరిచి అరుస్తున్నావు. అచ్చం బాపుతో పోట్లాడేటప్పటి లాగే.

యాదయ్య సంగతి చదివి బాధపడ్డాను. కానీ బొమ్మ పంపడం నువ్వనుకున్నంత సులువు కాదు. నెగటివ్ కంపెనీ సొత్తు. దాని నుంచి ఇంకో ప్రతి తీయాలంటే సేఠ్ సంతకం కావాలి, బయట చూపాలంటే సెన్సారు ముద్ర పడాలి. అడుగుతాను. సేఠ్ చాలా సంతోషంగా ఉన్నాడు. మొన్న హైదరాబాదు నుంచి వచ్చిన ఎవరో పెద్దమనుషులకు కూడా వేసి చూపించాడు. వాళ్లకూ బాగా నచ్చిందట. అంటే మన బొమ్మ ఎంత దూరం పోతుందో చూడు.

జర ఓపిక పట్టండి. మంచి వెలుతురులో తీసిన బొమ్మ ఎప్పటికీ వృథా పోదు.

రామలింగం


చేవెళ్ల,
1946 మార్చి 18

రామలింగానికి,

ఇల్లు కాలి ఒకడు ఏడుస్తుంటే చుట్టకు నిప్పడిగాడట ఇంకొకడు. యాదయ్య లాకప్పులో ఉన్నాడని నేను రాస్తే, ఎండ బాగా పడిందని నువ్వు రాశావు. ఆ ఉత్తరం అంతమ్మకు చదివి వినిపించమంటావా? ఆ కళ్లు చూసినవాళ్లకు నిద్ర పట్టదట. ఆ కళ్లకే నిద్ర లేదయ్యా ఇక్కడ. మొన్న ములాఖాతుకు పోయి వచ్చింది. ఎడమ కన్ను వాచి మూసుకుపోయిందట.

ఊళ్లు చల్లబడుతున్నాయి. నలుగురిని తీసుకుపోయేసరికి మిగతావాళ్లు తలలు వంచుకుని మళ్లీ వంతులకు పోతున్నారు. అంతమ్మ కూడా పోతున్నది. ఇంట్లో మగవాడు లేడు, జవాను గడపలో నిలబడితే ఏం చేస్తుంది? ఏ కుండను దులిపి దించిందో అలాంటి కుండనే మళ్లీ నెత్తిన పెట్టుకున్నది. నిన్న అంగడి ముందు ఆగి నాతో ఒక్కటే మాట అన్నది:

"మీ తమ్ముని పెట్టెల పడ్డం గని అక్కా, అండ్లకెల్లి బయట పడుతలేం."

ఆ మాటకు జవాబు నువ్వే చెప్పాలి. నీ దగ్గర ఉన్నదా? సేఠ్‌ను అడిగావా? అడిగితే ఏమన్నాడు? ఈ రెండు ప్రశ్నలకు జవాబు రాయి. వెలుతురు గురించి రాయకు.

సుమిత్రమ్మ


బొంబాయి,
1946 ఏప్రిల్ 2

అక్కకు,

నీకు కోపం వచ్చింది, సరే. నాకు రాదా? బొంబాయిలో నేనేదో జమీందారునని అనుకుంటున్నావు. కెమెరా నాది కాదు, ఫిల్ము నాది కాదు, దాన్ని మోసే పెట్టె కూడా నాది కాదు. నేనూ కూలివాణ్ణే. పోలీసులు పట్టుకుంటే నన్ను విడిపించడానికి ఏ వకీలూ వచ్చేవాడు కాదని తెలిసే మీ దగ్గరికి వచ్చాను. ఆ మాట నీ ఉత్తరంలో ఎక్కడా లేదు.

సేఠ్‌ను అడిగాను. ఒకసారి కాదు, ఆయన విసుక్కునే దాకా అడిగాను. ఏమన్నాడో విను. కోర్టుకు వేరే పంపడం ఎందుకు, మీ వాళ్లందరూ చూసేటట్టు మొయినాబాద్‌లోనే పెద్ద తెర కట్టి వేయిస్తున్నాం, ఏర్పాట్లన్నీ అయిపోయాయి అన్నాడు. మొయినాబాద్‌లో! ఏ గేటు ముందు కుండలు దించారో అక్కడే. ఇంతకన్నా ఏం కావాలి? భద్రయ్యగారిని, కేసు చూసే మున్సిఫ్‌ను కూడా పిలుచుకుని పోయి చూపించమను. అంతమ్మకు చెప్పు, ఊళ్లన్నిటికీ చెప్పు. నా మాటగా చెప్పు.

నన్ను రేపు కరాచీ పంపుతున్నారు. నెల పడుతుంది. బొమ్మ చూశాక నువ్వు రాసే ఉత్తరం కోసం ఎదురు చూస్తుంటాను. అప్పుడైనా తమ్ముడూ అని రాయి.

రామలింగం


చేవెళ్ల,
1946 ఏప్రిల్ 21

రామలింగానికి,

చూశాను.

ఊళ్లన్నిటికీ నేనే చెప్పాను. నీ మాటగా చెప్పాను. మా తమ్ముడు తీసిన బొమ్మ వస్తున్నది, యాదయ్య గెలిచినట్టే అని గడప గడపకు తిరిగి చెప్పాను. బండ్లు కట్టుకుని వచ్చారు, నడిచి వచ్చారు, చంటిపిల్లలను ఎత్తుకుని వచ్చారు. కచేరీ పక్క మైదానంలో డేరా వేశారు. డేరా నిండా కాగితం తోరణాలు. అప్పుడైనా నాకు అనుమానం రావద్దా? జాగీర్దారు సాల్‌గిరా అట ఆ రోజు. ఆయన పుట్టినరోజుకు అందరికీ ఊరికే బొమ్మ చూపిస్తున్నారట.

మొదట షెహనాయి మోగింది. తర్వాత మనం. మొయినాబాద్ దారి, దుమ్ము, యాదయ్య, నేను. ఎవరిదో తేనె పూసిన గొంతు, చక్కటి తెలుగులో, మేఘం ఉరిమినట్టు చదువుతున్నది: "ప్రభువుల జన్మదినాన ప్రజల ఆనందానికి అవధులు లేవు. పల్లెపల్లె నుంచి రైతులు, స్త్రీలు పాలకుండలు, పెరుగుకుండలు తలకెత్తుకుని కానుకలతో తరలివస్తున్నారు. ప్రభువుల కీర్తిని గొంతెత్తి పాడుతున్న ఈ వనితను చూడండి."

ఆ వనితను నేనే. వెట్టి నశించాలని గొంతు చించుకుంటున్నాను తెర మీద. నా నోట్లోంచి షెహనాయి వస్తున్నది.

యాదయ్య వాళ్ల అమ్మ కుండను దించుతుంటే "భక్తితో సమర్పిస్తున్నారు" అన్నాడు ఆ గొంతువాడు. మనం రాసి పట్టుకున్న గుడ్డలు లేవు. అంతమ్మ కుండను దులిపింది లేదు. వెనక మన జనంలో ఎవరో నవ్వారు. ఒకరు నవ్వితే ఇంకొకరు, అట్లా డేరా అంతా నవ్వింది. జాగీర్దారు ముందు వరసలో కూర్చుని, ప్రజలు సంబరపడుతున్నారనుకుని తలాడించాడు. ఆ నవ్వు విని నేను చచ్చిపోయాను. తమ శవం మీద తామే నవ్వే జనం కోసమా నేను ఇల్లు వదిలి నడిచింది?

ఎంతకు అమ్మావు అని అడగను. ఎందుకు అమ్మావని అడుగుతున్నాను. సీతాఫలాలు తిన్న నోరేనా అది?

జవాబు రాయనక్కరలేదు.


బొంబాయి,
1946 మే 10

అక్కకు,

జవాబు రాయనక్కరలేదన్నావు. రాస్తాను. చింపినా సరే, చదివి చింపు.

కరాచీ నుంచి వచ్చేసరికి నీ ఉత్తరం బల్ల మీద ఉన్నది. అది పట్టుకునే సేఠ్ గదిలోకి పోయాను. ఆయన దాచలేదు కూడా. ఆ హైదరాబాదు పెద్దమనుషులు జాగీర్దారు మనుషులే. కొన్నారు. సరుకు తీస్తాం, అమ్ముతాం, ఇందులో నీకేం నొప్పి అన్నాడు. నీ అక్క తెర మీద బాగా పడింది కదా అని నవ్వాడు. చేతిలో ఉన్న రీలు డబ్బా ఆయన బల్ల అద్దం మీదికి విసిరాను. నువ్వు ఆ రోజు తూకం రాయి విసరలేదని బాధపడ్డావు. మన ఇంటి తరఫున ఆ పని నేను చేశాను. ఉద్యోగం పోయింది. ఇప్పుడు వేరే స్టూడియోలో దీపాలు మోస్తున్నాను.

గుడ్డల ముక్కలు, అంతమ్మ కుండ దులిపిన ముక్క ఎడిటింగ్ గదిలో కత్తిరించారు. చెత్తబుట్టలన్నీ వెతికాను. ఎప్పుడో ఊడ్చేశారు. ఆ గొంతువాణ్ణి కూడా వెతికి పట్టుకున్నాను, కొట్టాలనే పోయాను. కృష్ణా జిల్లా ముసలాయన. ఇంట్లో రోగిష్టి భార్య ఉన్నది. చేవెళ్ల ఎక్కడుందో ఆయనకు తెలియదు. కాగితం ఇచ్చారు, చదివాను నాయనా అన్నాడు. వాళ్లు ఏడుస్తున్నారని చెబితే ఏడుపు గొంతుతో చదివేవాణ్ణి అన్నాడు. ఏం కొట్టను?

నా తప్పు ఎంతో చెబుతాను, అంతకు మించి మోయను. కంటికి కనిపిస్తే చాలని మీకు చెప్పింది నేను. గొంతు ఎవరి చేతుల్లో ఉంటే కన్ను కూడా వాడి చేతుల్లోనే ఉంటుందని తెలుసుకోలేకపోయాను. అమ్ముకున్నానని మాత్రం అనకు. తల్లి లేని నన్ను పెంచిన దానివి నువ్వు. నీ నోట ఆ మాట రావడానికి ఒక్క నిమిషం కూడా పట్టలేదు. ఆ సంగతి మరిచిపోవడం నా వల్ల కాదు.

రామలింగం


చేవెళ్ల,
1946 జూన్ 8

తమ్ముడు రామలింగానికి అక్క దీవెనలు.

నీ ఉత్తరం చింపలేదు. అమ్ముకున్నావన్న మాట వెనక్కి తీసుకుంటున్నాను. వెలుతురు గురించి రాసినందుకు వచ్చిన కోపం మాత్రం నా దగ్గరే ఉంచుకుంటాను.

ముందు ఆ నవ్వు సంగతి చెప్పాలి. బొమ్మ చూసిన మరునాడు అంతమ్మ అంగడికి వచ్చింది. నేను ముఖం తిప్పుకున్నాను. ఆమె కొంగు నోటికడ్డం పెట్టుకుని నవ్వుతున్నది. ముందు నవ్వింది తానేనట.

"నెత్తి మీద కుండ కింద సుట్టబట్ట లేదు, చెయ్యి ఆనిచ్చింది లేదు. నిండు కుండను గట్ల ఎవరన్న మోస్తరా అక్కా? దొర పుట్టినదినం నాడు ఆయన గేటుకు ఊరు ఊరంత ఖాళీ కుండలు ఎదురొచ్చినయి. ఆయననే తెర గట్టి అందరికి చూపిచ్చుకున్నడు."

ఒక్క ఖాళీ కుండ ఎదురొస్తేనే మనం ఇంట్లోకి వెనక్కి పోయి, కాసేపు కూర్చుని, నీళ్లు తాగి బయలుదేరుతాం కదా. అన్ని కుండలు! పల్లె ఆడది ఎవరు చూసినా తెలిసిపోతుంది, ఆ కుండల్లో పాలు లేవు, నీళ్లు కూడా లేవని. నీ బొంబాయి సేఠ్‌కు తెలియలేదు. పట్నంలో పెరిగిన జాగీర్దారుకు తెలియలేదు. కోపంతో కళ్లు మూసుకుపోయి నాకూ తట్టలేదు. ఆయన ఆ బొమ్మను షాబాద్ పంపాడు, మన పక్క ప్రొద్దుటూరు పంపాడు. పోయిన చోటల్లా డేరా అంతా ఒకటే నవ్వు. ఇప్పుడు మన వైపు ఆయన పేరు ఖాళీ కుండల దొర. ఎవరో ఆయన చెవిన వేసినట్టున్నారు, బొమ్మను పెట్టెలో పెట్టి తాళం వేశారు.

పోయిన వారం అదాలతులో కేసు పిలిచారు. భద్రయ్యగారు ముందే మమ్మల్ని కూర్చోబెట్టి చెప్పారు. జాగీర్దారు తన నోటితోనే, వీళ్లు నాకు కానుకలు తెచ్చారని ఊరూరా చాటుకున్నాడు. కానుకలు తెచ్చినవాళ్లు రాళ్లు వేశారా? రెండింట్లో ఒకటే నిజం కావాలి. యాదయ్య నిలబడి, అవును హుజూర్, పాలకుండ తెచ్చాను అని ఒక్క మాట అంటే చాలు, సాయంత్రానికి ఇంట్లో ఉంటాడు అన్నారు. మీ బావ కూడా సంతోషించాడు. నేనే ములాఖాతుకు పోయి ఆ మాట యాదయ్యకు చెప్పి వచ్చాను. కన్ను తగ్గింది. విని, పిల్లలు ఎట్లా ఉన్నారని అడిగాడు. సరేనన్నాడని అనుకున్నాను.

అదాలతులో అంతా భద్రయ్యగారు చెప్పినట్టే నడిచింది. జాగీరు వకీలు కాగితాలు తిరగేస్తూ ఉండిపోయాడు. బొమ్మ అబద్ధమంటే దొర పరువు పోతుంది, నిజమంటే కేసు పోతుంది. పాలకుండలే తెచ్చామన్న మిగతా ముగ్గురిని మున్సిఫ్ అక్కడికక్కడే వదిలేశాడు. తర్వాత యాదయ్యను బోనులోకి పిలిచి, నువ్వు పాలకుండే తెచ్చావా అని అడిగాడు. భద్రయ్యగారు తల ఊపుతున్నారు. అంతమ్మ నా చేయి పట్టుకుని ఉన్నది. యాదయ్య మున్సిఫ్ వైపు తిరిగాడు. తర్వాత గట్టిగానే చెప్పాడు:

"పాలు గాదు హుజూర్. అది మా అవ్వ సచ్చిన కుండ. కానుక ఇయ్యనీకి తేలే. ఇగ మొయ్యం అని చెప్పి దించిన. రాళ్లు మాత్రం ఎయ్యలే."

భద్రయ్యగారు తల పట్టుకున్నారు. మున్సిఫ్ మంచివాడో చెడ్డవాడో నాకు తెలియదు, మళ్లీ ఆలోచించుకుని చెప్పమన్నాడు. యాదయ్య మళ్లీ అదే చెప్పాడు. రాళ్ల కేసు కొట్టేశారు. సర్కారు ఇజాజతు లేకుండా జనాన్ని పోగుచేసి నడిపినందుకు మూడు నెలలు వేశారు. బయట జవాన్లు బండెక్కిస్తుంటే నేను ఆగలేకపోయాను. ఒక్క అబద్ధం ఆడితే నీ పిల్లల దగ్గర ఉండేవాడివి కదయ్యా అని కోప్పడ్డాను. అతను నాకు చెప్పింది నీకు చెప్పాలి, ఎందుకంటే ఇది నీ పెట్టెలో పడదు:

"చెయ్యని పనికైతే ఏడ్సుకుంట పోదునమ్మా. చేసిన పనికే పోతున్న. ఊకుంటే మా అవ్వ పాలు మోసుకుంట సచ్చిందంటరు."

అంతమ్మ ఏడవలేదు. బండి పోయేదాకా నిలబడి చూసి, పద అక్కా అన్నది.

ఆ మాట ఊరూరా పాకిపోయింది. బొమ్మ కన్నా వేగంగా పోయింది, తెర అక్కరలేదు, బాజా అక్కరలేదు. ఆ రోజు నుంచి జాగీరు ఊళ్లలో ఒక్కరు కూడా వంతుకు పోలేదు. జవాను అంతమ్మ గడపలో నిలబడితే, మా ఇంటి కుండ మీ గేటు ముందర్నే ఉన్నది, తీస్కపో అన్నదట. మీ బావ కూడా రసదు అడగవచ్చిన వాడితో సరుకు లేదన్నాడు. అంగడి నిండా బస్తాలు పెట్టుకునే అన్నాడు. రేపు వాళ్లు ఏం చేస్తారో తెలియదు. చేస్తారు, ఊరుకోరు. చూద్దాం.

సెప్టెంబరులో యాదయ్య వస్తాడు. ఆ రోజు మళ్లీ అదే దారిన నడిచి అతన్ని తీసుకురావాలనుకుంటున్నాం. కెమెరా ఉన్నా లేకున్నా నువ్వు రా. కెమెరా తెస్తే మాత్రం గొంతును పట్టే ఆ పెద్ద యంత్రం కూడా తే, బండి నేను కడతాను. ఈసారి తినకుండా పోతే ఊరుకోను.

మొయినాబాద్ కచేరీకి ఇప్పుడు జవానే నీళ్లు మోస్తున్నాడు. సుట్టబట్ట పెట్టుకోవడం చేతగాక దారంతా ఒలకబోస్తున్నాడని అంతమ్మ చెప్పింది.

నీ అక్క,
సుమిత్రమ్మ